కాంసాయి ఒడ్డున కాటన్ దొర



ఖరగ్‌పూర్ స్టేషన్‌లో మేదినీపూర్ వెళ్లే లోకల్ ఎక్కితే కాసేపటికే ఒక పొడవాటి వంతెన వస్తుంది. వేసవిలో అయితే దాని కింద నీటికంటే ఇసుకే ఎక్కువ కనిపిస్తుంది. ఆగస్టులో అదే చోట బురదనీరు ఒడ్డులు ఒరుసుకుంటూ పోతుంది. అది కాంసాయి నది. భూగోళం పుస్తకంలో దాని పేరు కంసావతి.

మేదినీపూర్ ఊరి అంచున ఆ నదికి అడ్డంగా ఒక కట్ట ఉంది. మా బెంగాలీ స్నేహితులు ఆ చోటిని అనికట్ అంటారు. అది ఇంగ్లీషు మాటేమో అని మాలో చాలామంది అనుకున్నాం. కాదు. తమిళంలో అణైకట్టు, మన తెలుగులో ఆనకట్ట. దక్షిణాది మాట ఇంగ్లీషు ఇంజనీర్ల నోట పడి అనికట్ అయింది. వాళ్లతో పాటే బెంగాల్‌కు బదిలీ అయి వచ్చింది, అచ్చం మనలాగే!

ఈ వ్యాసం రాస్తున్న మేమందరం తెలుగు ఇళ్ల పిల్లలం. మాలో కొందరి తాతలు, ముత్తాతలు బెంగాల్ నాగపూర్ రైల్వే రోజుల్లో శ్రీకాకుళం, విశాఖ వైపు నుంచి వచ్చి ఇక్కడ కొలువులో చేరినవాళ్లు. మరికొందరం నాన్నగారి బదిలీ మీద మొన్నమొన్ననే వచ్చాం. మళ్లీ ఎప్పుడు పెట్టె సర్దాలో తెలియదు. ఆనకట్ట అనే మాటను ఇంత దూరం నడిపించిన మనిషి ఎవరా అని వెతికితే, గోదావరి జిల్లాల్లో ఊరూరా విగ్రహం ఉన్న కాటన్ దొర దగ్గరికి చేరాం. ఆయన పూర్తి పేరు సర్ ఆర్థర్ థామస్ కాటన్. రైలు ఇళ్లలో పుట్టిన మాకు ఆయన కథలో ఒక చిక్కు కూడా దొరికింది. అది చివర్లో చెబుతాం.

పదహారేళ్ల ఇంజనీరు

కాటన్ 1803 మే 15న ఇంగ్లండులో పుట్టారు. తండ్రి హెన్రీ కాల్వెలీ కాటన్‌కు పదకొండు మంది కొడుకులు. వాళ్లలో ఈయన పదోవాడు. ఈస్టిండియా కంపెనీ సైనికోద్యోగులను తయారుచేసే అడిస్కంబ్ విద్యాలయంలో చదివి, 1819లో, అంటే పదహారేళ్లకే, ఇంజనీరు కొలువులో చేరారు. 1821లో మద్రాసుకు వచ్చారు. అప్పటికి ఆయన వయసు పద్దెనిమిది. మన పాఠశాలలో పన్నెండో తరగతి అయిపోయిన అన్నయ్యల వయసు.

బర్మా యుద్ధానికి వెళ్లి వచ్చారు. ఆయనను కోయంబత్తూరు, మదురై, తిరుచిరాపల్లి, తిరునెల్వేలి వైపు చెరువులు, కాలువలు చూసే పనికి వేశారు. అక్కడే ఆయనకు అసలు చదువు మొదలైంది.

ఆ చదువు చెప్పింది కావేరి. శ్రీరంగం దగ్గర కావేరి రెండుగా చీలుతుంది. ఒక పాయ పేరు కావేరే, రెండో పాయ పేరు కొల్లిడం. కొల్లిడం తిన్నగా, ఎక్కువ వాలుగా సముద్రానికి పోతుంది. నీరు ఎప్పుడూ వాలు ఎక్కువ ఉన్న దారినే పట్టుకుంటుంది కదా! ఏటేటా కొల్లిడంలోకి నీరు పెరుగుతోంది. కావేరి పాయలో మాత్రం ఇసుక మేట వేస్తోంది. తంజావూరు పొలాలన్నీ కావేరి పాయ మీదే బతుకుతాయి. అది పూడిపోతే లక్షల మంది అన్నం పోయినట్టే.

కాటన్ 1836లో కొల్లిడం మీద ఎగువన ఒకటి, దిగువన ఒకటి ఆనకట్టలు కట్టించారు. కావేరిలోకి మళ్లీ నీరు వచ్చింది. అయితే కొంతకాలానికి నీరు మరీ ఎక్కువగా రావడం మొదలై, కావేరి అడుగును కోయసాగింది. దాంతో కావేరికి కూడా అడుగున ఒక కట్టు వేయాల్సి వచ్చింది. నదిని ఒకచోట ముట్టుకుంటే ఇంకోచోట కదులుతుందని ఆ అనుభవం చెప్పింది.

అక్కడ ఇంకో గురువు కూడా ఉంది. అది చోళుల కాలం నాటి కల్లణై, అంటే రాతికట్ట. నది అడుగున రాతినేల లేదు, అంతా ఇసుకే. ఇసుక మీద ఇంత బరువైన కట్ట ఎలా నిలిచింది? గట్టి నేల తగిలేదాకా తవ్వకుండా, రాళ్లను ఇసుకలోకే దింపుకుంటూ, బరువును వెడల్పుగా పరిచి కట్టారు. ఆ కిటుకును కాటన్ ఈ పాత కట్ట దగ్గరే నేర్చుకున్నారు. నేర్చుకున్నానని దాచకుండా ఒప్పుకున్నారు కూడా. ఆ కాలంలో ఒక ఇంగ్లీషు అధికారి అలా ఒప్పుకోవడం చిన్న విషయం కాదు.

గాలి తెచ్చిన కష్టం, నీరు తెచ్చిన కష్టం

ఇప్పుడు గోదావరికి వద్దాం.

జూన్‌లో అరేబియా సముద్రం మీద నుంచి నైరుతి గాలులు బయలుదేరుతాయి. పడమటి కనుమలకు తగిలి పైకి లేచి, చల్లబడి వానగా కురుస్తాయి. గోదావరి ఆ కనుమల్లోనే, నాసిక్ దగ్గర త్ర్యంబకంలో పుడుతుంది. అక్కడి నుంచి 1465 కిలోమీటర్లు నడిచి బంగాళాఖాతంలో కలుస్తుంది. దారిలో మహారాష్ట్రలో, తెలంగాణలో, బస్తరు అడవుల్లో పడ్డ వాననంతా మోసుకొస్తుంది. అందుకే రాజమండ్రిలో చుక్క వాన పడకపోయినా గోదావరి నిండుగా పారుతుంది.

ఇందులోనే పెద్ద బాధ ఉంది. పొలం ఎండిపోతుంటే, పక్కనే నది నిండుగా పోతుంటుంది. నీరు పొలం మట్టానికి దిగువన ఉండటం వల్ల అది పొలానికి రాదు, సముద్రానికే పోతుంది. వరద వచ్చినప్పుడు మాత్రం అడగకుండానే ఊళ్ల మీద పడుతుంది.

1832-33లో, నందన నామ సంవత్సరంలో, గుంటూరు ప్రాంతంలో ఘోరమైన కరువు వచ్చింది. తిండి లేక డొక్కలు బయటపడ్డ మనుషులను చూసి జనం దాన్ని డొక్కల కరువు అన్నారు. లక్షకు పైగా జనం చనిపోయారు. గోదావరి వైపు కూడా ఆ దెబ్బ తగిలింది. ఆ తర్వాత 1839 నవంబరులో బంగాళాఖాతం నుంచి తుపాను వచ్చింది. గాలి సముద్రాన్ని ముందుకు తోసింది. కోరంగి రేవు మీద ఉప్పెన పడింది. ఓడలు, ఇళ్లు, మనుషులు కొట్టుకుపోయారు. ఒకసారి గాలి వానను తేకుండా చంపింది. ఇంకోసారి సముద్రాన్ని తెచ్చి చంపింది.

రాజమండ్రి జిల్లాలో 1821లో 7 లక్షల 38 వేల మంది ఉండేవారు. 1841 లెక్కకు 5 లక్షల 61 వేలు మిగిలారు. ఇరవై ఏళ్లలో జనం పెరగాల్సింది పోయి ఇంత తగ్గారంటే ఎన్ని ఊళ్లు పాడుబడి ఉంటాయో ఆలోచించండి. కొందరు చనిపోయారు, కొందరు వలసపోయారు. శిస్తు రాక కంపెనీ ఖజానాకు కూడా దెబ్బ తగిలింది. కారణం కనుక్కోమని హెన్రీ మాంట్‌గోమరీ అనే అధికారిని పంపితే, ఆయన 1844లో గోదావరి నీటిని వాడుకోవాలని నివేదిక ఇచ్చారు.

అప్పటికి కాటన్ విశాఖపట్నంలో ఉన్నారు. ఆరోగ్యం బాగాలేక సెలవు మీద టాస్మేనియా వెళ్లి, 1841లో ఎలిజబెత్ లియర్‌మంత్‌ను పెళ్లి చేసుకుని తిరిగి వచ్చారు. విశాఖలో సముద్రం ఒడ్డును కోసేస్తుంటే, అలల జోరును తగ్గించడానికి సముద్రంలోకి రాతి కట్టలు వేయించారు. అక్కడి నుంచి ఆయనను గోదావరికి పంపారు.

నది గట్టు మీద నడుస్తుంది

కాటన్ డెల్టా అంతా తిరిగి చూశారు. ఆయన చూసిన విషయం మీరు కూడా ఇంట్లో చేసి చూడవచ్చు. ఒక పళ్లెంలో తడి ఇసుక పరచండి. ఒక పక్క నుంచి మట్టి కలిపిన నీళ్లను సన్నగా పోయండి. నీళ్లు నెమ్మదించిన చోట మట్టి ఆగుతుంది. ఎక్కువ మట్టి ధారకు రెండు పక్కలే ఆగుతుంది. కాసేపటికి ధార చిన్న గట్టు మీద నడుస్తున్నట్టు కనిపిస్తుంది.

గోదావరి వేల ఏళ్లుగా ఇదే చేసింది. వరదకు ఒడ్డు దాటిన నీరు ముందుగా ఒడ్డు పక్కనే ఒండ్రు దింపుతుంది. దూరం పోయేకొద్దీ మట్టి తగ్గుతుంది. అందుకే డెల్టాలో ఎత్తైన నేల ఏటి ఒడ్డునే ఉంటుంది. పొలాలు ఒడ్డు నుంచి దూరంగా పల్లానికి వాలి ఉంటాయి. డెల్టా మొదట్లో, ధవళేశ్వరం దగ్గర, నీటి మట్టాన్ని కొంచెం పైకి లేపి కాలువలోకి వదిలితే చాలు. ఆ తర్వాత నీరు తన బరువుతోనే అన్ని పొలాలకూ పోతుంది. ఏ యంత్రమూ తోడక్కరలేదు. ఎద్దులూ అక్కరలేదు.

కొంచెం అంటే ఎంత? పన్నెండు అడుగులు. రెండు మనుషుల ఎత్తు. నదిని పూర్తిగా ఆపడం కాదు, తల కొంచెం ఎత్తించడం. వరదనీరు కట్ట మీద నుంచి దూకి తన దారిన తాను సముద్రానికి పోవచ్చు. అడుగున పేరుకునే ఇసుకను తోసేయడానికి తూములు ఉంటాయి.

ఇంగ్లండులోని కంపెనీ డైరెక్టర్లు 1846లో అనుమతి ఇచ్చారు. 1847లో పని మొదలైంది. ధవళేశ్వరం దగ్గర నది లంకలతో కలిపి నాలుగు మైళ్ల వెడల్పు. అందుకే ధవళేశ్వరం, ర్యాలి, మద్దూరు, విజ్జేశ్వరం అనే నాలుగు ముక్కలుగా కట్టను కట్టారు. నాలుగూ కలిపితే రెండుంపావు మైళ్ల దాకా వస్తుంది. ఇసుకలో బావులు దింపి పునాది వేశారు. ధవళేశ్వరం కొండ నుంచి రాయి తెచ్చారు. ఎగువ అడవుల నుంచి టేకు దుంగలు నది మీదే తేలుతూ వచ్చాయి. వరద తగ్గాక మొదలుపెట్టి, మళ్లీ వరద రాకముందే ఆ ఏటి పని ముగించాలి. పని జోరుగా సాగిన రోజుల్లో పది వేల మంది కూలీలు అక్కడ ఉండేవారు. మట్టి పనిలో ఆరితేరిన వడ్డెరలు, రాయి కొట్టేవాళ్లు, సున్నం కాల్చేవాళ్లు, మోత మోసే ఆడవాళ్లు. వాళ్ల పేర్లు ఏ రాతి మీదా లేవు. స్థానికుల్లో ఒక్క వీణెం వీరన్న గారి పేరు మాత్రం చరిత్రలో నిలిచింది. కూలీలను కూడగట్టి, పనిని దగ్గరుండి నడిపించినందుకు ఆయనకు రాయ్ బహదూర్ బిరుదు ఇచ్చారు.

1848లో ఎండదెబ్బకు కాటన్ ఆరోగ్యం పాడైంది. పనిని కెప్టెన్ ఆర్‌కు అప్పగించి సెలవు మీద వెళ్లి, 1850లో తిరిగి వచ్చారు. 1852లో ఆనకట్ట పూర్తయింది. కోనసీమలో గన్నవరం దగ్గర నది పాయ మీదుగా కాలువనే వంతెన లాగా దాటించారు. 49 కమానుల అక్విడక్ట్ అది. కింద నది, పైన కాలువ! ఇప్పుడు దాని చోట నిలిచిన కొత్త అక్విడక్టుకు, ఆకలితో వచ్చిన వాళ్లకు అన్నం పెట్టిన డొక్కా సీతమ్మ గారి పేరు పెట్టారు.

ఆ వెంటనే బెజవాడ దగ్గర కృష్ణ మీద కూడా ఆనకట్ట లేచి, 1855కు పూర్తయింది. దాన్ని కట్టించింది కూడా కెప్టెన్ ఆరే. ఇప్పుడు అక్కడ ప్రకాశం బ్యారేజీ ఉంది.

ఆ తర్వాత ఏం జరిగిందో గోదావరి వైపు తాతమ్మలను అడగండి. బీడు నేలలు వరి పొలాలయ్యాయి. కాలువల్లో పడవలు తిరిగాయి. లాకుల దగ్గర ఊళ్లు పెరిగాయి. 1876-78లో దక్షిణదేశమంతా ధాత కరువుతో అల్లాడినప్పుడు గోదావరి, కృష్ణా డెల్టాలు పండాయి, బయటికి ధాన్యం పంపాయి కూడా. 1861లో కాటన్‌కు సర్ బిరుదు వచ్చింది.

కుదరని చోట్లు

మంచి జీవితచరిత్రలో ఓడిపోయిన చోట్లు కూడా ఉండాలని మా ఉపాధ్యాయురాలు చెప్పారు. కాటన్ జీవితంలో అవీ ఉన్నాయి.

తుంగభద్ర మీద సుంకేసుల దగ్గర మొదలై కడప దాకా పోయే కాలువ ఆయన ఆలోచనే. మనం కె.సి. కెనాల్ అంటాం. దాన్ని తవ్వింది ఒక ప్రైవేటు కంపెనీ. డబ్బు అయిపోయింది, కాలువకు ఆదాయం రాలేదు. అక్కడ చాలా చోట్ల నల్లరేగడి నేల. దానిలో తేమ చాలాకాలం నిలుస్తుంది. జొన్న, పత్తి వేసే రైతుకు ప్రతి ఏడూ డబ్బు పెట్టి నీరు కొనాల్సిన అవసరం కనిపించలేదు. చివరికి 1882లో ప్రభుత్వమే దాన్ని కొనుక్కుంది.

రెండో చోటు మన ఇంటి పక్కనే ఉంది. 1858లో కాటన్ ఒరిస్సా వెళ్లి మహానది డెల్టా చూసి నివేదిక ఇచ్చారు. ఆ ఆలోచనతో ఒక కంపెనీ పుట్టి, ఒరిస్సాతో పాటు మేదినీపూర్‌లో కూడా కాలువ పనులు చేపట్టింది. 1868 చివరికే దాని చేతిలో డబ్బు లేదు. ఆ పనులు కూడా ప్రభుత్వం చేతికి వచ్చాయి. మన కాంసాయి మీది అనికట్ ఆ పథకంలోదే. అక్కడ మొదలైన మేదినీపూర్ కాలువ పాంశ్‌కురా మీదుగా, రూపనారాయణ్, దామోదర్ నదులను దాటుకుని, హుగ్లీ ఒడ్డున ఉలుబేడియా చేరుతుంది. ఈ పేర్లు ఎక్కడో విన్నట్టుంది కదూ? ఖరగ్‌పూర్ నుంచి హౌరా వెళ్లే లోకల్‌లో మనకు వినిపించే స్టేషన్ల పేర్లు ఇవే!

ఇక్కడ వాన బాగా పడే ఏడు రైతు కాలువ నీరు కొనడు. వాన లేని ఏడు అందరూ ఒక్కసారే అడుగుతారు, అప్పుడు కాంసాయిలోనూ నీరు తక్కువే. గోదావరికి బస్తరు వాన కూడా వచ్చి చేరుతుంది. ఛోటానాగపూర్ అంచున పుట్టే కాంసాయి చిన్న నది. దాని పైన వాన లేకపోతే అది కూడా ఎండుతుంది. ఒకచోట సరిపోయిన లెక్క ఇంకోచోట సరిపోదు. బదిలీల మీద తిరిగే మనకు ఈ మాట ఎవరూ విడమర్చి చెప్పక్కరలేదు.

మా చిక్కు

ఇక మొదట్లో చెప్పిన చిక్కు. కాటన్ దొరకు రైలంటే గిట్టేది కాదు!

కొన్నేళ్లపాటు ఆయన ఒకటే వాదించారు. దేశానికి ముందు కావలసింది రైలు పట్టాలు కాదు, పడవలు నడిచే కాలువలు. కాలువ అయితే రెండు పనులు చేస్తుంది, ధాన్యం పండిస్తుంది, ఆ ధాన్యాన్నే చౌకగా మోస్తుంది. రైలు మోయగలదు గానీ పండించలేదు. ధాత కరువులో రైళ్లు ధాన్యం మోశాయి. అయినా లక్షల మంది చనిపోయారు, ఎందుకంటే కొనడానికి వాళ్ల చేతిలో డబ్బు లేదు. 1878లో ఇంగ్లండులో పార్లమెంటు సంఘం ముందు ముసలి కాటన్ ఇదంతా చెప్పారు. సంఘం ఆయన మాట ఒప్పుకోలేదు. డబ్బు రైళ్లకే ఎక్కువ పోయింది.

ఇంకో వింత కూడా ఉంది. మన దేశంలో ప్రయాణికుల రైలు మొదలైంది 1853లో, బొంబాయి నుంచి ఠాణాకు. కానీ అంతకు ముందే, 1837లో, మద్రాసు దగ్గర రెడ్ హిల్స్ నుంచి చింతాద్రిపేటకు రోడ్డు పనుల రాయి మోయడానికి పట్టాలు వేశారు. దేశంలో మొదటి రైలుమార్గం అదే అంటారు. దాన్ని వేయించింది ఎవరో తెలుసా? కాటనే! ధవళేశ్వరంలో రాయి మోయడానికి కూడా పట్టాలు వేశారు. అంటే ఆయనకు రైలు తెలియక కాదు, తెలిసే వద్దన్నారు.

మరి ఎవరిది ఒప్పు? మాలో మాకే వాదన జరిగింది. నాన్న లోకో పైలట్ అయినవాళ్లు ఒకవైపు, తాతగారికి కోనసీమలో పొలం ఉన్నవాళ్లు ఇంకోవైపు. చివరికి ఇలా అనుకున్నాం. పొలాలకు నీరు ముందు అన్న మాటలో కాటన్ చెప్పింది నిజం. అయితే కాలువలో పడవ నడవాలంటే ఏడాది పొడవునా నీరు నిలిచి ఉండాలి. పొలానికి కావలసినప్పుడు ఆ నీటినే తోడేస్తారు. వేసవిలో మరమ్మతు కోసం కాలువ కట్టేస్తే పడవ ఆగిపోతుంది. కొండల మీదికి కాలువ ఎక్కదు. రైలు ఎక్కుతుంది, వేగంగా పోతుంది, ఎండకాలం ఆగదు. మేదినీపూర్ కాలువ సంగతే చూడండి. పక్కనే బెంగాల్ నాగపూర్ రైలుమార్గం రాగానే పడవల రద్దీ తగ్గిపోయింది.

రిటైరయ్యాక కాటన్ ఇంగ్లండులో డోర్కింగ్ అనే ఊళ్లో స్థిరపడ్డారు. అక్కడా ఊరికే కూర్చోలేదు. నేలను లోతుగా తవ్వి గోధుమ పండిస్తే దిగుబడి ఎంత పెరుగుతుందో చూసేవారు. 1899 జులై 24న, తొంభై ఆరేళ్ల వయసులో చనిపోయారు. ఆయన కూతురు లేడీ హోప్ తండ్రి జీవితచరిత్ర రాశారు. ఇక్కడ ఖరగ్‌పూర్ జంక్షన్ అయింది 1898-99లో. రాజమండ్రి దగ్గర గోదావరి మీద హేవ్‌లాక్ వంతెన దాటి మొదటి రైళ్లు నడిచింది 1900లో. ఆయన కన్నుమూసిన మరుసటి ఏడే రైలు ఆయన గోదావరిని దాటింది. ఆ దారి పట్టుకునే మా పెద్దవాళ్లు ఇక్కడికి వచ్చారు.

నది లెక్క ఇంకా ముగియలేదు

1982లో పాత ఆనకట్ట స్థానంలో కొత్త బ్యారేజీ పూర్తయింది. దానికి సర్ ఆర్థర్ కాటన్ పేరే పెట్టారు. ధవళేశ్వరంలో ఆయన మ్యూజియం ఉంది. గోదావరి స్నానం సంకల్పంలో ఆయన పేరు తలుచుకునే పురోహితులు ఉన్నారని మా ఇళ్లలో పెద్దలు చెబుతారు.

అయినా గాలీ నీరూ తమ పని తాము చేస్తూనే ఉన్నాయి. నీరు తెచ్చే కాలువల మీద పెట్టినంత శ్రద్ధ నీరు తీసే మురుగు కాలువల మీద పెట్టకపోతే పల్లపు పొలాలు నీటిలో నిలిచిపోతాయి, దోమలు పెరుగుతాయి. గోదావరి మీద ఎగువన ఆనకట్టలు పెరిగేకొద్దీ డెల్టాకు చేరే ఒండ్రు తగ్గింది. కొత్త మట్టి రాని చోట సముద్రం ఒడ్డును కోస్తుంది. ఉప్పాడ తీరంలో ఇళ్లు, రోడ్లు అలా పోవడం వార్తల్లో చూస్తూనే ఉన్నాం. తుపాన్లూ ఆగలేదు. 1942లో మన మేదినీపూర్ తీరం, 1977లో దివిసీమ, 1996లో కోనసీమ దెబ్బతిన్నాయి. అన్నిటికీ ఒకే బంగాళాఖాతం. గాలికి ఆనకట్ట కట్టలేం. ముందుగా హెచ్చరిక ఇవ్వగలం, ఉప్పెన జోరు తగ్గించే మడ అడవులను కాపాడుకోగలం. 1839లో ఉప్పెన పడిన కోరంగిలో ఈనాడు మడ అడవుల అభయారణ్యం ఉంది.

కాటన్ కథలో మాకు నచ్చింది ఆయన బిరుదులు కాదు. పని మొదలుపెట్టే ముందు నీరు ఎటు పోతుందో, మట్టి ఎక్కడ ఆగుతుందో, పాతవాళ్లు అదే పని ఎలా చేశారో కాళ్లరిగేలా తిరిగి చూశారు. అలా చూసి కట్టింది నిలబడింది. రైతు ఎందుకు నీరు కొంటాడో, ఎందుకు కొనడో లెక్క వేయని చోట కాలువ తవ్వినా ఆదాయం రాలేదు.

మిత్రులారా, ఈసారి వాన పడినప్పుడు మీ క్వార్టర్ల ముందు ఐదు నిమిషాలు నిలబడి చూడండి. మన ఖరగ్‌పూర్ ఎర్రమట్టి గట్టు మీద ఉంది. ఆ నీరు ఏ కాలువలోకి పోతోంది, ఎక్కడ ఆగుతోంది, ఏ ప్లాస్టిక్ సంచి దానికి అడ్డం పడింది? ఒక కాగితం మీద బాణం గుర్తులతో గీయండి. మేము మా లైన్ క్వార్టర్లకు అలా గీశాం. రెండు చోట్ల కాలువ వాలు ఎదురుగా ఉందని తేలింది. మా వీధిలో నీరు ఎందుకు నిలుస్తుందో అప్పుడు గానీ అర్థం కాలేదు. ఆ కాగితం పెద్దలకు చూపించాం.

సెలవులకు ఊరెళ్లేటప్పుడు రాజమండ్రి వంతెన మీద అందరూ గోదావరిలో రూపాయి వేస్తారు. అప్పుడు ఒకసారి నది దిగువ వైపు చూడండి. అటే ధవళేశ్వరం ఉంది. రైలంటే గిట్టని ఆ పెద్దాయనకు రైలు కిటికీలోంచే ఒక నమస్కారం పెడదాం. తిరిగి వచ్చాక కాంసాయి అనికట్ దగ్గర ఇంకోటి.

— తెలుగు విద్యార్థుల బృందం